నిలువని కాపురము: బ్రెజిలు తీరమున ఫ్రెంచివారు



వేసవి రాగానే సగ్గుబియ్యపు వడియములు పెట్టుకొనని ఇల్లు మన గోదావరి ప్రాంతమున అరుదు. ఆ సగ్గుబియ్యము కఱ్ఱపెండలపు దుంపనుండి వచ్చునని అందఱును ఎఱుగుదురు. అయితే ఆ దుంప మన దేశపుది కాదు. మహాసముద్రమున కావల దక్షిణ అమెరికాలో పుట్టి, పోర్చుగీసువారి ఓడలలో లోకమెల్ల తిరిగినది. మనము అనాసపండని పిలుచునది కూడ అచ్చటిదే. బ్రెజిలు తీరవాసుల భాషలోని ‘ననా’ యను మాట పోర్చుగీసువారి నోట ‘అననాస్’ అయి మన యింటికి ‘అనాస’ యై వచ్చినది. జీడిమామిడియు నట్లే. ఇన్ని వస్తువులను మన వంటింటికి పంపిన ఆ తీరముమీద నాలుగువందల యేండ్ల క్రిందట ఫ్రెంచివారు రెండుమారులు కాపురము పెట్టబోయి, రెండుమారులును చెడి వెడలిపోయిరి. ఈ మాసము మా శీర్షికలో ఆ కథ చెప్పదలచినాము. చరిత్ర గ్రంథములు దీనిని కోటల కథగాను, సేనానాయకుల కథగాను వ్రాసినవి. మేము చదివినంతలో ఇది సంసారమెఱుగనివారు సంసారము నిలుపబోయిన కథగా మాకు తోచినది.

ముందు ఆ భూమి ఎవరిదను తగవు చెప్పవలెను. 1494వ సంవత్సరమున స్పెయినువారును పోర్చుగీసువారును టోర్డెసిలాస్ అను ఊర కూర్చుండి ఒక సంధి వ్రాసికొనిరి. కేప్ వర్డు దీవులకు పడమరగా 370 లీగుల దూరమున సముద్రముమీద ఒక గీత గీచి, గీతకు తూర్పున కనుగొనబడు భూములు పోర్చుగలుకు, పడమటివి స్పెయినుకు అని పంచుకొనిరి. ఆ భూములలో కాపురమున్నవారిని అడిగినవారు లేరు. 1500వ సంవత్సరము ఏప్రిలులో కబ్రాలు అను పోర్చుగీసు నావికుడు బ్రెజిలు తీరమును చేరి అది తమదని చాటెను. ఆ కబ్రాలే అదే యాత్రలో మన కోళిక్కోడుకు వచ్చి అచ్చటి జామొరినుతో పోరాడినవాడు. ఈ పంపకమును విని ఫ్రాన్సు రాజగు మొదటి ఫ్రాన్సిసు, ఆదిమానవుడైన ఆదాము వీలునామాలో నాకు పాలులేదని వ్రాసిన వాక్యమేదో చూపుడని అడిగెనని ప్రతీతి. మాట బాగున్నది. అయితే ఆ వీలునామాలో తన పాలు వెదకిన రాజు సైతము తీరవాసుల పాలెంతయని అడిగినట్లు లేదు.

ఫ్రెంచివారిని అంతదూర మాకర్షించినది బంగారము కాదు, రంగు. బట్టలకు ఎఱుపు వేయుటకు మన తూర్పుదేశములనుండి పతంగపు చెక్క పూర్వమునుండియు ఐరోపాకు పోవుచుండెను. దానికి అచ్చట ‘బ్రెజిలు’ అని పేరు. అట్టి చెక్కయే సముద్రమున కావల అడవులలో విస్తారముగా దొరకుటచేత దేశమునకే ఆ పేరు వచ్చినది. నార్మండీ తీరమందలి రువాన్, దియెప్, ఓన్‌ఫ్లేర్ పట్టణముల వర్తకులు ఏటేట ఓడలు పంపి, కత్తులు, గొడ్డండ్లు, అద్దములు, దువ్వెనలు ఇచ్చి, ఆ చెక్కను తెచ్చుకొనిరి. అడవిలో చెట్టు నఱికి మోసి ఓడకు చేర్చినవారు తుపినంబాలను తీరవాసులు. ఫ్రెంచి వర్తకులు పిన్నవయసు కుఱ్ఱవాండ్రను కొందఱిని అచ్చటనే విడిచి, భాష నేర్చుకొని దుబాసీలుగా నుండుడనిరి. ఆ కుఱ్ఱవాండ్రు ఆ పల్లెలలో పెరిగి, ఆ యింటి ఆడపడుచులను చేపట్టి, పిల్లలను గని, అక్కడి బంధువర్గములో కలిసిపోయిరి. ఒక విధమున చూడగా ఫ్రెంచివారికి బ్రెజిలులో నిజముగా నిలిచిన కాపురములు ఇవియే. వీనిని ఏ రాజును పంపలేదు.

అచ్చటి స్త్రీ యొకతె ఫ్రాన్సుకు వచ్చిన కథయు నున్నది. పరగ్వాసు అను తుపినంబా కన్య, ఓడ పగిలి తీరమునబడిన ఒక పోర్చుగీసువానిని వివాహమాడి, అతనితో ఫ్రాన్సుకు పోయి 1528 జూలైలో సెయింట్ మాలో రేవున బాప్తిస్మము పొందెను. తరువాత కెనడా తీరములను శోధించి ప్రసిద్ధుడైన జాక్ కార్టియే అను నావికుని భార్య ఆమెకు ధర్మమాతగా నిలిచి తన పేరైన కాథరిన్ అను పేరునే పెట్టెను. ఆ చర్చి పుస్తకమున ఆమె ‘బ్రెజిలు కాథరిన్’ అని వ్రాయబడియున్నది. ఆమె తిరిగి స్వదేశమునకు పోయి, వృద్ధురాలై, బహియా పట్టణమున ఒక దేవాలయమునకు భూమి నిచ్చి, అచ్చటనే సమాధి పొందినది.

1550 అక్టోబరులో ఫ్రాన్సు రాజు రెండవ హెన్రీయు, రాణి కాథరిన్ ద మెదీచీయు రువాన్ పట్టణమునకు రాగా, ఆ యూరి వర్తకులు నదియొడ్డున ఒక బ్రెజిలు పల్లెను కట్టి చూపిరి. చెట్ల బోదెలకు ఎఱ్ఱరంగు పూసిరి. కొమ్మలమీద చిలుకలను, కోతులను ఉంచిరి. గుడిసెలు కట్టి ఉయ్యాలపడకలు వేలాడదీసిరి. నిజమైన తుపినంబాలు ఏబదిమంది. వారివలె వేషము వేసికొన్న నావికులు రెండువందల ఏబదిమంది. ఉత్తుత్తి యుద్ధము జరిపించి గుడిసెలు తగులబెట్టిరి. మన పెండ్లిపందిళ్లలోని కాగితపు ఏనుగులను చూచినట్లు ప్రభువులు చూచి సంతోషించిరి. ఆ వినోదమునుండి అయిదేండ్లలో నిజమైన వలస బయలుదేరెను.

ఆ వలసకు నాయకుడు నికొలా దురాన్ ద విల్‌గాన్యోను. ఇతడు మాల్టా ద్వీపపు వీరమతసంఘములో చేరి బ్రహ్మచర్యవ్రతము పట్టినవాడు, చదువుకొన్నవాడు, సముద్రమున గట్టివాడు. స్కాట్లండు రాణియగు మేరీని అయిదేండ్ల పసిబిడ్డగా నున్నప్పుడు, 1548లో, ఇంగ్లీషువారి కన్నుగప్పి ఉత్తరసముద్రము చుట్టి ఫ్రాన్సుకు చేర్చిన ఓడలకు ఇతడే అధిపతి. అంతటి పనిని చేసినవాడు వలసను నిలుపలేకపోయినాడా యని మీ రడుగుదురు. బిడ్డను ఓడలో దాచి తెచ్చుట వేఱు, బిడ్డలు పుట్టి పెరుగు ఇల్లు నిలుపుట వేఱు అని మా యభిప్రాయము.

నౌకాధిపతి కొలిన్యీ తోడ్పాటుతో 1555 జూలైలో విల్‌గాన్యోను లె హావ్రు రేవునుండి బయలుదేరెను. వెంట సుమారు ఆఱువందల మందియని చెప్పుదురు. మనుష్యులు చాలక చెఱసాలలనుండి ఖైదీలను సైతము ఎక్కించుకొనెను. తుపాను తగిలి ఓడలు వెనుకకు రాగా, పలువురు దిగి పాఱిపోయిరి. మిగిలినవారితో నవంబరు 10వ తేదీన గ్వానబారా అఖాతమును చేరెను; ఇప్పటి రియో డి జనీరో పట్టణ మున్నది ఆ యఖాతపు టొడ్డుననే. ఈ దేశమునకు ‘దక్షిణధ్రువ ఫ్రాన్సు’ అని గొప్ప పేరు పెట్టిరి. ఆ గొప్ప పేరుగల ఓడలలో ఒక్క స్త్రీయు లేదు.

అఖాతము నడుమ ఒక చిన్న రాతిదీవిపై కోట కట్టించి దానికి కొలిన్యీ పేరు పెట్టెను. శత్రువుల ఫిరంగులకు అందని చోటేగాని, దీవిలో త్రాగునీరు లేదు. పంట పండు నేల లేదు. మంచినీళ్లు ఒడ్డునుండి పడవలలో మోయవలెను. ఇల్లు కట్టుకొనుటకు పోయిన ఆడుది మొదట అడుగునది నుయ్యి ఎక్కడయని. ఈ మాట ఆ దీవిపై అడిగినవారు లేకపోయిరి.

తీరముననున్న నార్మను దుబాసీలు అక్కడి స్త్రీలతో కాపురము చేయుట చూచి విల్‌గాన్యోనునకు ఒళ్లు మండెను. చర్చిలో పెండ్లియాడని ఎవ్వడును అచ్చటి స్త్రీని చేరరాదు. చేరినవానికి మరణదండన యని శాసించెను. ఏండ్ల తరబడి ఒక తుపినంబా స్త్రీతో నుండిన దుబాసీ నొకనిని, పెండ్లియాడుమో విడువుమో యని నిర్బంధించెను. వాడు రెండును చేయక, పనివాండ్రను కూడగట్టుకొని 1556 ఫిబ్రవరిలో అధిపతిని చంపుటకు కుట్రపన్నెను. కావలియున్న స్కాట్లండువారిచేత కుట్ర బయటపడెను. చిక్కినవారు కఠినశిక్షల ననుభవించిరి. దుబాసీ ఒడ్డుకు పాఱిపోయి తనవంటివారినెల్ల కోటకు విరోధులను చేసెను. భాష తెలిసినవారు దూరమైన పిమ్మట కోటకు తిండి తెచ్చుటయే కష్టమాయెను.

స్త్రీల గౌరవమును కాపాడుటకే ఈ శాసనము చేసెనని అతనిని మెచ్చుకొన్నవారు కలరు. మేమును మెచ్చుకొనగోరితిమి. కాని తరువాతి సంగతి చదివిన పిమ్మట మనసొప్పలేదు. కోటలో పనిచేయుటకు, యుద్ధములలో చిక్కిన వేఱు తెగల స్త్రీలను విల్‌గాన్యోను కొనియుంచెను. వారిచేత మట్టి, రాళ్లు మోయించుచుండెను. నగ్నముగా తిరుగుట వారి దేశాచారము; వారికి బలవంతముగా బట్టలు తొడిగించి, విప్పినచో కొరడాతో కొట్టించిరి. వారు పగలు దెబ్బలకు భయపడి తొడిగికొని, రాత్రి కాగానే విప్పివైచి దీవిలో గాలికి తిరిగిన పిమ్మటగాని పండుకొనకుండిరట. శాసనము చేసినవాడు వారి ఒంటిమీది గుడ్డను గూర్చి అంత చింతించి, వారి మెడమీది కావడిని గూర్చి చింతింపకపోవుట వింత.

ఈ సంగతిని మనకు చెప్పినవాడు జాన్ ద లెరీ. ఇతడు చెప్పులు కుట్టు వృత్తివాడు, ఇరువదేండ్లు దాటిన యువకుడు, ప్రొటెస్టెంటు మతస్థుడు. విల్‌గాన్యోను సాయము కోరగా, జెనీవా పట్టణమునుండి వచ్చిన పదునలుగురిలో ఒకడు. మూడు ఓడలలో సుమారు మూడువందల మంది 1556 నవంబరులో బయలుదేరి 1557 మార్చిలో కోటను చేరిరి. ఈమారు ఓడలో ఆఱుగురు కుఱ్ఱవాండ్రు భాష నేర్చుకొనుటకును, అయిదుగురు కన్యలు పెండ్లికొఱకును వచ్చిరి. ఆ కన్యలకు తోడుగా ఒక పెద్దముత్తైదువను పంపిరి. ఫ్రాన్సునుండి బ్రెజిలుకు పోయిన మొదటి స్త్రీలు వీరేయని లెరీ వ్రాసినాడు. తనతో వచ్చిన జెనీవా పురుషులనందఱిని పేరుపేరున చెప్పినవాడు, ఈ ఆఱుగురు స్త్రీలలో ఒక్కతె పేరైన చెప్పలేదు.

నాలుగు నెలలు సముద్రముపై నలిగి వచ్చిన అతిథులకు ఆ దినపు విందేమనగా కఱ్ఱపెండలపు పిండి, పొగచూరిన చేప, నిప్పులలో కాల్చిన దుంపలు. త్రాగుటకు గోతిలో నిలిచిన పచ్చబారిన వాననీరు. మఱునాటినుండియే మట్టి మోయుటకు పిలుపు వచ్చెను.

ఏప్రిలు 3వ తేదీన ఆ కన్యలలో ఇద్దఱికి విల్‌గాన్యోను సేవకులు ఇద్దఱితో పెండ్లి జరిగెను. తీరవాసులు కొందఱు చూడవచ్చిరి. పెండ్లితంతుకంటె ఒంటినిండ బట్ట గట్టిన ఆడువారిని చూచి వారెక్కువ ఆశ్చర్యపడిరట. అట్టి స్త్రీలను వారదివఱకు చూచియెఱుగరు. మేలో మూడవ కన్యకు పెండ్లియయ్యెను. ఆమె బంధువొకడు అచ్చట మరణించుచు తన సరకును ఆమెకు విడిచిపోయెను: కత్తులు, దువ్వెనలు, అద్దములు, రంగుబట్టలు, చేపల గాలములు. బ్రెజిలు తీరమున అది రొక్కముకంటె మేలైన స్త్రీధనము. దానిని చూచియే వరుడు కొఱవి పట్టినట్లు తొందరపడెనని లెరీ మాటలలో ధ్వని. మిగిలిన ఇద్దఱిని నార్మను దుబాసీలు పెండ్లియాడిరి. మూడు నెలలలో అయిదు పెండ్లిండ్లును ముగిసినవి. వందలకొలది పురుషులకు అయిదుగురు వధువులు! వలస పెట్టుట యనగా ఏమని ఆ ప్రభువులు తలంచిరో ఈ లెక్కవలననే తెలియుచున్నది.

ఇంతకు ఆ కోటకు అన్నము పెట్టినదెవరు? తుపినంబా స్త్రీలు. అడవి కొట్టి నేల చదునుచేయుట పురుషుల పని. దుంప నాటుట, త్రవ్వుట, పిండిచేయుట స్త్రీల పని. ఆ కఱ్ఱపెండలములో చేదుజాతి దుంప పచ్చిగా తిన్నచో ప్రాణము తీయును. దానిని చెక్కు తీసి, వాడి రాళ్లు గ్రుచ్చిన పలకపై కోరి, ఆ కోరును తాటియాకువంటి నారతో అల్లిన పొడవాటి సంచిలో కూరి, సాగదీసి పిండుదురు. విషము నీటితో కారిపోవును. మిగిలిన పిండిని పెద్ద మట్టిపెనముమీద కలియబెట్టుచు వేపుదురు. గట్టిగా వేపినది నెలలతరబడి నిలువయుండును. యుద్ధయాత్రకు అదియే కట్టుచోరు. మెత్తగా వేపినది తాజారొట్టె రుచి గలదట. పిండిన నీటి అడుగున పేరుకొను తెల్లని గసిని వారు ‘తిపియోక’ యందురు. ఇంగ్లీషున టాపియోకా యను మాట దానినుండియే వచ్చినది. పెనము దగ్గర కూర్చున్న మనవారెవరైనను ఈ పని చదివి దాని కష్టమిట్టిదని ఇట్టే తెలిసికొనగలరు. ఒక కత్తికి, ఒక దువ్వెనకు బదులుగా ఈ పిండి కోటకు పోయెడిది.

లెరీ తరువాత అచ్చటి పల్లెలలో రెండు నెలలుండి, ఆ స్త్రీలను శ్రద్ధగా చూచినాడు. వారు దూదితో ఉయ్యాలపడకలు నేయుదురు, కుండలు చేయుదురు, దినమున పదిమారులైన ఏటిలో మునుగుదురు. బట్టలు కట్టుకొమ్మనినచో, మాటిమాటికి విప్పుట ఎవరివలన నగునని బదులు చెప్పుదురట. తల్లులు తమ బిడ్డలకు తామే పాలిత్తురు. బిడ్డను గుడ్డలతో బిగించి చుట్టరు. ఫ్రాన్సులో కలిగినయింటి స్త్రీలు బిడ్డను పుట్టగానే పాలదాదికి పంపివేయుట చూచినవాడు గనుక, లెరీ ఈ తీరమున తల్లిని మెచ్చుకొని తన దేశపు తల్లులను మందలించినాడు. అంతమాత్రమున ఆ జనులను దేవతలుగా చిత్రింపలేదు. యుద్ధములో చిక్కిన శత్రువును చంపి తినుట వారి ఆచారమని, అందు స్త్రీలును పాల్గొందురని దాచక వ్రాసినాడు. మేమును దాచము. అయితే ఇరువదేండ్లు గడవకముందే తన దేశమున మతకలహములలో ఫ్రెంచివారు ఫ్రెంచివారిని చంపిన విధము చూచి, వారిని వీరిని ప్రక్కప్రక్కన పెట్టి తూచినవాడు ఆ లెరీయే.

ఒక తుపినంబా వృద్ధుడు అతని నడిగిన ప్రశ్న ప్రసిద్ధము. ఇంతదూరము వచ్చి ఈ కఱ్ఱను మోసికొనిపోవుచున్నారు, మీ దేశమున వంటచెఱకు లేదాయని. రంగుకొఱకని లెరీ చెప్పెను. ఒక్కనికి అంత కఱ్ఱ ఏలయని వృద్ధు డడిగెను. మా వర్తకులకు లెక్కలేనంత ధనమున్నది, చచ్చిన పిమ్మట బిడ్డలకు పోవునని లెరీ బదులు చెప్పెను. అందుకా ముసలివాడు, మమ్ము పోషించిన నేల మా బిడ్డలను పోషింపదా, ఇందుకై సముద్రము దాటి ఇన్ని పాట్లు పడవలెనా యని నవ్వెనట.

కోటలో మాత్రము నవ్వు లేకపోయెను. రొట్టెయు ద్రాక్షరసమును దేవునికి నివేదించునప్పుడు అవి నిజముగా క్రీస్తు శరీర రక్తములగునా కావా యని విల్‌గాన్యోనునకును జెనీవావారికిని వాదము పుట్టెను. తిన గోధుమరొట్టె లేదు, త్రాగ ద్రాక్షరసము కొఱవ. తగవు మాత్రము వానిమీదనే! తగవు తీర్పుమని ఒక బోధకుని ఐరోపాకు పంపిరి. అతడు తిరిగి రాకమునుపే, 1557 అక్టోబరులో, అధిపతి జెనీవావారిని దీవినుండి వెడలగొట్టెను. వారు పల్లెలలో తలదాచుకొని, 1558 జనవరిలో ఒక పాడుపడిన ఓడ నెక్కిరి. ఓడలో నీరు చొచ్చుట చూచి అయిదుగురు పడవలో వెనుకకు వచ్చిరి. వారిలో ముగ్గురిని విల్‌గాన్యోను మతద్రోహులని విచారించి ఫిబ్రవరిలో సముద్రమున పడద్రోయించెను. వేఱొకని ప్రాణము దక్కెను. అతడు దర్జీ, కోటలో బట్టలు కుట్టువాడు మఱొకడు లేడు. ఓడలో పోయిన లెరీ మొదలగువారు ఆకలికి తోలుముక్కలు నమలి, ముద్దుగా పెంచిన చిలుకలను తిని, మేనెలలో ఫ్రాన్సు చేరిరి.

1559లో విల్‌గాన్యోను స్వదేశమునకు వెడలెను. 1560 మార్చిలో పోర్చుగీసు గవర్నరు మెం ద సా ఓడలతో వచ్చి కోటను పట్టి నేలమట్టము చేసెను. మిగిలిన ఫ్రెంచివారు తీరమున తమ మిత్రులతో కలిసి మఱి యేడేండ్లు పోరిరి. 1565 మార్చి 1వ తేదీన పోర్చుగీసువారు అచ్చట రియో డి జనీరో పట్టణమునకు పునాది వేసిరి. 1567 జనవరిలో చివరి యుద్ధము జరిగెను. గవర్నరు బంధువు ఎస్తాసియో ద సా ముఖమున బాణము తగిలి నెలకు మరణించెను.

ఫ్రెంచివారికి ఓడలుండెను, స్వదేశ ముండెను. వారిని నమ్మి పోర్చుగీసువారితో వైరము తెచ్చుకొన్న తుపినంబాలకు పోవుటకు మఱొక నేల లేదు. 1575లో కేబో ఫ్రియో తీరమున వారి పల్లెలను పోర్చుగీసువారు ముట్టడించి, వేలకొలది జనులను చంపి, వేలకొలది స్త్రీబాలురను బానిసలుగా కొనిపోయిరి. పిండి వేపి కోటకు అమ్మిన స్త్రీల బిడ్డలు, మనుమలు ఆ గుంపులో నుండిరి.

పోర్చుగీసువారు మంచివారు గనుక నిలిచిరని మేము చెప్పబోము, పైసంగతియే చాలును. అయితే కాపురమనగా నేమో వారికి ముందే తెలిసినది. 1549లో నోబ్రెగా యను మతగురువు పోర్చుగలులోని తన మతసంఘపు పెద్దకు జాబు వ్రాసి, ఇచ్చటికి ఆడువారిని పంపుడు, శీలము చెడినవారైనను సరేయని వేడుకొనెను. 1551లో రాణిగారి రక్షణలోని అనాథకన్యలు బహియాకు వచ్చిరి. పెర్నాంబుకో సీమకు 1535లోనే దువార్తె కోయెల్యు అను ప్రభువు భార్యను వెంటబెట్టుకొని వచ్చెను. ఆమె బ్రీతెస్ ద అల్బుకెర్కె. భర్త గతించిన పిమ్మట కుమారుడు చేతికి వచ్చువఱకు చెఱకుతోటలు, గానుగలు, సేన, న్యాయము అన్నియు ఆమెయే నడిపెను. ఆ యనాథకన్యల మనసు ఎవరడిగిరి, ఆ గానుగలలో ఎవరి చెమట కారెనను ప్రశ్నలు వేఱు. అవి మఱొక మాసమునకు.

ఫ్రెంచివారు రెండవమారు 1612లో బ్రెజిలుకు ఉత్తరపు అంచున, మరాన్యావు దీవికి పోయిరి. నాయకులు ల రవార్దియేర్, రజిల్లీ. ఒకరు ప్రొటెస్టెంటు, ఒకరు కాథలిక్కు. ఈమారు రొట్టెతగవు రానీయక కలిసి పనిచేసిరి. సుమారు అయిదువందల మందితో పోయి, సెప్టెంబరు 8వ తేదీన కోట నెలకొల్పి, పదేండ్ల బాలరాజు లూయీ పేరు పెట్టిరి. నేటి సాఁ లూయీస్ పట్టణ మదియే. ఆ బాలునికి బదులుగా రాజ్యము నేలుచున్నది అతని తల్లి మారీ ద మెదీచీ. ఈ వలసకు అనుజ్ఞ ఇచ్చినదియు ఆమెయే. 1613లో ఆఱుగురు తుపినంబాలను పారిసుకు తీసికొనిపోగా ముగ్గురు అచ్చటనే మరణించిరి. మిగిలిన ముగ్గురికి రాజును రాజమాతయు ధర్మపితయు ధర్మమాతయునై బాప్తిస్మ మిప్పించి, ముగ్గురికిని లూయీ యనియే పేరు పెట్టిరి.

ఇన్నిట ప్రేమ కనబరచిన రాజమాత కోటకు సాయము మాత్రము పంపలేదు. కారణము పెండ్లి. పోర్చుగలు ఆ కాలమున స్పెయిను రాజుక్రింద నుండెను. తన కుమారునకు స్పెయిను రాజపుత్రికను, తన కుమార్తెకు స్పెయిను యువరాజును సంబంధము కుదుర్చుకొన్న తల్లి, వియ్యాలవారి నేలమీద కోట నిలుపునా? 1614 నవంబరులో గ్వాషెందుబా యుద్ధమున ఫ్రెంచివారు ఓడి ఏడాదికి సంధి చేసికొనిరి. వారిని గెలిచిన సేనాని జెరోనిమో ద అల్బుకెర్కె. ఇతడు మనము చెప్పిన బ్రీతెస్ సోదరుని కుమారుడు. తల్లి తబజారా తెగ నాయకుని కూతురు. తుపినంబాల నేలమీద ఫ్రెంచివారిని ఓడించినవాడు ఆ దేశపు స్త్రీ కడుపున పుట్టినవాడే.

1615 నవంబరులో ల రవార్దియేర్ కోటను అప్పగించెను. ఆ నెలలోనే ఫ్రాన్సు స్పెయిను ఎల్లయగు బిదసోవా నది నడుమ ఇద్దఱు రాజకన్యలను మార్చుకొనిరి. ఇటునుండి అటు పోయిన ఎలిజబెతునకు పండ్రెండేండ్లు దాటినవి. ఆమె భర్తకు పది. అటునుండి ఇటు వచ్చిన ఆన్ వయస్సు పదునాలుగు. మన దేశమున బాల్యవివాహమును గూర్చి ఐరోపావారు ఎన్ని గ్రంథములు వ్రాసిరో ఇచ్చట గుర్తుకు రాక మానదు.

మరాన్యావులో రెండేండ్లుండి అచ్చటి స్త్రీపురుషుల బ్రదుకును వ్రాసికొన్న ఈవ్ దెవ్రూ యను సన్న్యాసి గ్రంథము ఆ 1615లోనే పారిసులో అచ్చయ్యెను. వియ్యాలవారికి కోపము వచ్చునని దానిని అచ్చుకూటములోనే నాశనము చేయించిరి. రజిల్లీ కొన్ని కాగితములు ఏఱి కుట్టించి రాజునకు సమర్పించెను. ఆ ప్రతి రాజుగారి పుస్తకశాలలో రెండువందల యేండ్లకు పైగా పడియుండి, 1864లో మరల అచ్చుపడినది. దానిలోను కొన్ని పుటలు లేవు.